వేరుత్వ నియమం

పెద్దసారు పోయారన్న కబురు ఆఫీసు వాట్సాప్ గ్రూపులో పడ్డప్పుడు నేను మౌలాలి కమాను దగ్గర ఆటో కోసం నిలబడి ఉన్నాను. చేతులు జోడించిన బొమ్మలు ఒకదాని కింద ఒకటి వచ్చి పడుతున్నాయి. భాషకు తీరని లోటు అని ఎవరో రాశారు. నేను ఫోను సంచిలో పడేసి ఆటో ఎక్కాను. ఏడుపు రాలేదు. అయ్యో అని కూడా అనిపించలేదు. పోయినవాళ్ల గురించి చెడు మాట్లాడకూడదంటారు. నేను మాట్లాడతాను. బతికుండగా మాట్లాడే ధైర్యం లేకపోయింది కనుక.

సికింద్రాబాదు స్టేషన్‌కు నడిచి వెళ్లేంత దూరంలో, సూట్‌కేసుల దుకాణం పైన మా ప్రచురణ సంస్థ. బడిపిల్లల గైడ్లు, పోటీ పరీక్షల పుస్తకాలు వేస్తాం. ఆయన అక్కడ ప్రధాన సంపాదకులు. ఎప్పుడో కృష్ణా జిల్లా నుంచి వచ్చి సైనిక్‌పురిలో ఇల్లు కట్టుకున్నారు. భౌతికశాస్త్రంలో ఎమ్మెస్సీ, దాని మీద సంస్కృతం. యజమానితో సహా అందరం పెద్దసారు అనేవాళ్లం.

నేను ప్రూఫులు దిద్దే ఉద్యోగానికి వెళ్లిన రోజు ఆయన నా సర్టిఫికెట్లు చూడలేదు. ఒక కాగితం తీసుకుని ఆకుపచ్చ సిరాతో ఒక్క మాట రాసి నా వైపు తిప్పారు. "జడ."

"అర్థం చెప్పు" అన్నారు.

అప్పట్లో నా జడ నడుము దాటి ఉండేది. దాన్ని ముందుకు వేసుకుని కూర్చున్నాను. "ఎంటికెలు అల్లుకుంటం గద సార్, అదే" అన్నాను.

ఆయన నవ్వలేదు. ముందు పక్కగదిలో వాళ్లను పిలిచారు. నలుగురు వచ్చి గుమ్మంలో నిలబడ్డాక, "విన్నారా, ఎంటికెలట" అని అప్పుడు నవ్వారు. తరవాత పాఠం మొదలుపెట్టారు.

"తెలుగువాడికి జడ తల మీద ఉంటుంది. హిందీవాడికీ ఉర్దూవాడికీ నేలలో ఉంటుంది. చెట్టు వేరును వాళ్లు జడ్ అంటారు. భౌతికశాస్త్రంలో జడత్వం. బస్సు ఆగినా నీ ఒళ్లు ఆగక ముందుకు తూలుతుంది చూడు, అదీ. రసాయనశాస్త్రంలో జడవాయువులు. హీలియం, నియాన్, ఎవరితోనూ పొత్తు పెట్టుకోని జాతి. ఇక సంస్కృతంలో జడుడంటే కదలిక లేనివాడు, బుద్ధి లేనివాడు." ఒక్క క్షణం ఆగి నన్ను పైనుంచి కిందిదాకా చూశారు. "స్త్రీలింగంలో జడ."

గుమ్మంలో నలుగురూ నవ్వారు. ఏదో ఒకటి అనకపోతే అక్కడే ఏడ్చేస్తానేమోనని, "ఇంకోటి సుత ఉంది సార్. మేం భయపడితే మా అమ్మ, పోరి జడుసుకున్నది అంటది" అన్నాను.

"ఈ ఉద్యోగానికి నీకు అదొక్కటి తెలిస్తే చాలు" అన్నారాయన. ఉద్యోగం ఇచ్చారు.

ఆ రోజు నుంచి నా పేరు జడమ్మ. "జడమ్మా, మూడో ఫారం తే." "జడమ్మా, ఇది నువ్వు దిద్దావా, మీ బర్రె దిద్దిందా?" మాకు బర్రె లేదు. మా నాన్న రైల్వేలో ఫిట్టరు, మాది మౌలాలి క్వార్టర్లలో రెండు గదుల ఇల్లు. ఆ మాట ఒకసారి చెప్పాను కూడా. "అయితే మరీ ఘోరం" అన్నారు.

ఆయన సన్నటి మనిషి. ఇస్త్రీ చెదరని తెల్లచొక్కా. కుర్చీలో వెనక్కి ఆనుకుని కూర్చోవడం నేను ఎన్నడూ చూడలేదు. ఆఫీసు గ్లాసుల్లో నీళ్లు తాగేవారు కాదు, సొంత స్టీలు గ్లాసు తెచ్చుకుని తానే కడుక్కునేవారు. ప్రూఫు చూసేటప్పుడు కింది పెదవిని రెండు వేళ్లతో పట్టుకుని లాగుతూ ఉండేవారు. ఆ పెదవి వదిలారంటే తప్పు దొరికిందని అర్థం. గదిలో ఎవరి ఫారం, అంటే పదహారు పేజీల ప్రూఫు, ఆయన చేతిలో ఉంటే వాళ్లు ఆ వేళ్ల వంకే చూస్తూ కూర్చునేవాళ్లం.

మా మాట తీరు ఆయనకు వినోదం. బయటినుంచి రచయితలు, లెక్చరర్లు ఎవరైనా వస్తే, కాఫీ తాగించి మమ్మల్ని చూపించేవారు. మా డీటీపీ ఆపరేటర్ యాదగిరి కాప్రా నుంచి వచ్చేవాడు. నాకన్నా నాలుగైదేళ్లు పెద్ద, అన్నా అని పిలిచేదాన్ని. తెలుగు టైపులో అతని వేగం సికింద్రాబాదులో ఇంకెవరికీ లేదనేవాళ్లు. ఒకసారి ఇద్దరు అతిథుల ముందు పెద్దసారు అతణ్ణి పిలిచి, "యాదగిరీ, 'కూడా' అనడానికి మీరనే ఆ 'సుత' పెట్టి ఒక వాక్యం చెప్పవయ్యా, వీళ్లు వింటారట" అన్నారు.

యాదగిరి తెర మీది నుంచి చూపు తిప్పకుండా, "గిది మీకు సుత తెల్వదా సార్?" అన్నాడు.

అతిథులు పగలబడి నవ్వారు. ఈసారి వాళ్లు నవ్వింది ఎవరిని చూసో పెద్దసారుకు తెలిసింది. ఆయన మాత్రం నవ్వలేదు. ఆ నెలంతా యాదగిరి ఫారాల మీద ఆకుపచ్చ సిరా వరదలా పారింది.

ఆయన నాకు పని నేర్పలేదని అంటే అబద్ధమవుతుంది. నేర్పారు. ఏ మాట వాక్యంలో ఎక్కడ కూర్చోవాలో, ఎక్కడ కూర్చుంటే కాళ్లకు అడ్డం పడుతుందో, అదంతా ఆయన తిట్లు తిని నేర్చుకున్నదే. ఈ మనిషి గురించి నేను ఒప్పుకోవలసిన వాటిలో నాకు అన్నిటికన్నా కష్టమైనది ఇదే. కానీ ఒక్కటి మాత్రం ఆయన దగ్గర ఎవరూ నేర్చుకోలేకపోయారు. "పొరపాటు నాది" అనడం. తాను చూసి పంపిన పేజీలో తప్పు దొరికితే కళ్లద్దాలు తీసి జేబురుమాలుతో తుడుస్తూ, "అది అచ్చుతప్పు" అనేవారు. మా పేజీల్లో దొరికితే బుద్ధితప్పు. ఆయనవన్నీ అచ్చుతప్పులు, మావన్నీ బుద్ధితప్పులు.

ఇలా ఏళ్లు గడిచాయి. పెద్ద యజమాని తప్పుకుని కొడుకు కూర్చున్నాడు. అతను హిందీ పుస్తకాలను ముందు కంప్యూటర్ చేత తెలుగు చేయించి, ఆ తెలుగును మా చేత దిద్దించే పద్ధతి పెట్టాడు. పెద్దసారుకు ఒళ్లు మండింది. కానీ కొత్త యజమానిని ఏమీ అనలేక ఆ మంట మా మీద చూపించేవారు.

ఒక కోచింగ్ సెంటరుకు జనరల్ సైన్స్ పుస్తకం చేస్తున్నాం. మర్నాడు పొద్దున ప్రెస్సుకు వెళ్లాలి. మధ్యాహ్నం భోజనాలయ్యాక పెద్దసారు చివరిసారి పేజీలు తిరగేస్తూ వృక్షశాస్త్రం దగ్గర ఆగారు. పెదవి వదిలారు.

"మొక్క యొక్క జడ నేలలోనికి పోయి నీటిని పీల్చును" అని బిగ్గరగా చదివారు. ఇంకో పేజీ తిప్పారు. "ముల్లంగి ఒక జడ. ఓహో! జడమ్మా, ఇటు రా. ఇది నీ నెత్తిన మొలిచిన ముల్లంగేనా?"

కంప్యూటర్ హిందీ మాటను అట్లాగే వదిలేసింది. ఆ పాఠం దిద్దింది నేను కాదు, సెలవులో ఉన్న మరొకావిడ. చెప్పబోయాను. ఆయన వినలేదు. జడలో ముల్లంగి పువ్వు పెట్టుకుని తిరగమన్నారు, ఇంకా ఏవేవో అన్నారు. గదిలో వాళ్లు తలలు వంచుకుని నవ్వారు. నేను వెళ్లి నా కుర్చీలో కూర్చున్నాను. నా కుర్చీ యాదగిరి కుర్చీ పక్కనే.

పెద్దసారు లేచి వచ్చి యాదగిరి వెనక నిలబడ్డారు. "జడ అన్న మాట ఈ పుస్తకంలో నాకు కనబడకూడదు. ఉన్నచోటల్లా తీసి వేరు అని పెట్టు. ఒక్క దెబ్బతో."

"అన్ని పాఠాలల్లనా సార్?"

"అన్ని పాఠాల్లోనూ."

"ముంగట పాఠాలల్ల జడత్వం ఉంటది గద సార్. గట్ల ఒక్కసారే మారిస్తే అది సుత మారుతది. జెర ఒక్కొక్కటి చూసి మారుస్త, గంట టైమియ్యిండ్రి."

"నువ్వు నాకు భౌతికశాస్త్రం చెబుతావా? చెప్పింది చెయ్యి."

యాదగిరి నా వైపు ఒకసారి చూశాడు. నాకు అంతా వినపడింది. ఏం జరగబోతోందో కూడా తెలుసు. లేచి, "సార్, అతను చెప్పేది నిజం" అంటే ఆయన రెండు తిట్లు తిట్టి అయినా ఆగేవారేమో. నేను లేవలేదు. దాచిపెట్టడమెందుకు, ఆ క్షణాన నాకు సంతోషంగా ఉంది. ఇన్నేళ్లకు పెద్దసారు పప్పులో కాలు వేస్తున్నారు, వెయ్యనీ అనుకున్నాను. యాదగిరి మీట నొక్కాడు. మార్పులు జరిగాయని తెర మీద వచ్చింది. పెద్దసారు మొదటి పేజీ మీద ఆకుపచ్చ సంతకం పెట్టి, గ్లాసు కడుక్కుని, ఇంటికి వెళ్లిపోయారు.

పుస్తకం అచ్చయి కోచింగ్ సెంటరుకు చేరిన రెండు రోజులకే పిల్లలు పేజీల ఫోటోలు తీసి ఊరంతా తిప్పారు. న్యూటన్ మొదటి నియమం కింద, "దీనినే వేరుత్వ నియమం అందురు" అని ఉంది. హీలియం, నియాన్ వేరువాయువులయ్యాయి. వానల పాఠంలో 'జడివాన'లోని 'జడ' కూడా 'వేరు' అయిపోయి, దాని మీది గుడి ఏ అక్షరానికీ అంటుకోక గాలిలో వేలాడుతోంది. కోచింగ్ సెంటరు వాళ్లు పుస్తకాలన్నీ ఆటో ట్రాలీలో తెచ్చి మా మెట్ల కింద పడేసి వెళ్లారు.

యజమాని మమ్మల్ని తన గదిలోకి పిలిచాడు. పెద్దసారు, యాదగిరి, నేను. నేను ఆ పూట యాదగిరి పక్కన కూర్చున్నానని ఎవరో చెప్పారట.

"ఎవరు చెప్పారు సార్ ఇలా మార్చమని?" అని యజమాని పెద్దసారును అడిగాడు.

పెద్దసారు కళ్లద్దాలు తీశారు. తుడిచారు. "వృక్షశాస్త్రంలో మార్చమన్నాను. ఇతను పుస్తకమంతా మార్చాడు" అన్నారు. గొంతులో వణుకు లేదు. ఆయనకు అది అబద్ధమనిపించలేదేమో కూడా. తనవల్ల తప్పు జరగడం ఆయన లోకంలో లేదు.

యాదగిరి నిలువునా అదిరిపడ్డాడు. "ఏంది సార్ గిట్లంటున్రు? మొత్తం మార్చమన్నది మీరే గద! జడత్వం సుత మారుతదని నేను చెప్పలేదా? చెల్లె నా పక్కనే ఉండె. చెల్లెనడుగుండ్రి."

ముగ్గురూ నా వైపు తిరిగారు.

అప్పటికి మా నాన్న పోయి ఏడాది. అమ్మ మందులు, తమ్ముడి చదువు నా మీదనే ఉన్నాయి. ఇవన్నీ తరవాత నాకు నేను చెప్పుకున్న కారణాలు. ఆ గదిలో నాకు అవేవీ గుర్తు రాలేదు. పెద్దసారు నా వంక చూశారు, అంతే.

"నేనప్పుడు ఫోనులో ఉన్నాను సార్. సరిగా వినలేదు" అన్నాను.

యజమాని యాదగిరిని రేపటి నుంచి పనిలోకి రావద్దన్నాడు. యాదగిరి నా వైపు చూస్తాడేమోనని భయపడ్డాను, చూడలేదు. వెళ్లి కుర్చీలోంచి తన దిండు తీసుకున్నాడు. నడుం నొప్పికని ఇంట్లోంచి తెచ్చుకున్న పూలగుడ్డ దిండు అది. టిఫిన్ డబ్బా ఒక చేతిలో, దిండు ఒక చంకలో పెట్టుకుని మెట్లు దిగిపోయాడు. ఇరవై ఏళ్లకు పైగా ఎక్కి దిగిన మెట్లు. మర్నాడు గ్రూపులోంచి అతని నంబరు తీసేశారు.

అదే రోజు ఇంకొకటి జరిగింది. ఈ వ్యాసంలో నేను చెప్పదలచుకున్న పెద్దసారు మొత్తం అందులో ఉన్నారు. నేను ఫారం పట్టుకుని ఆయన బల్ల దగ్గరికి వెళ్లాను. ఆయన తలెత్తి, మెత్తగా, "కూర్చోండి పద్మావతిగారూ" అన్నారు.

అన్నేళ్లలో నా పేరు ఆయనకు తెలుసన్న సంగతే నాకు తెలియదు. ఆ తరవాత మళ్లీ జడమ్మా అని పిలవలేదు. తిట్టలేదు. అతిథులు వస్తే, "మా పద్మావతిగారు, చాలా నమ్మకమైన మనిషి" అని పరిచయం చేసేవారు. జడమ్మ అన్నప్పుడు ఆయన మీద అసహ్యం వేసేది. ఇప్పుడు ఎవరి మీద వేస్తోందో తెలిసేది కాదు. ఆయన రిటైరై వెళ్లిపోయేవరకు రెండేళ్లు ఆ మర్యాద భరించాను.

సంతాపసభ ఒక గ్రంథాలయం మేడ మీద పెట్టారు. ఫోటోకు పెద్ద దండ. ఆయన భార్య ముందు వరుసలో కూర్చున్నారు. వక్తలు ఒకరి తరవాత ఒకరు నిఘంటువు నడిచినట్టుండేదన్నారు, తప్పును సహించని మనిషన్నారు. యజమాని నన్ను కూడా రెండు మాటలు చెప్పమన్నాడు. వెళ్లకూడదనుకున్నాను. కాళ్లు వెళ్లాయి.

"పెద్దసారు తప్పును సహించని మాట నిజం. తాను చేసిన తప్పును ఇంకొకరి మీద వేసిన మాట కూడా నిజం" అని మొదలుపెట్టాను. వేరుత్వ నియమం సంగతి చెప్పాను. పుస్తకమంతా మార్చమన్నది ఆయనేనని, వద్దన్నది యాదగిరి అని, ఉద్యోగం పోయింది యాదగిరికని చెప్పాను. ఎవరో దగ్గారు. యజమాని లేచి వచ్చి, "థాంక్యూ మేడమ్, టైం అయిపోతోంది" అని మైకు అందుకున్నాడు. నాకు ఒంట్లోంచి జ్వరం దిగినట్టనిపించింది.

మెట్ల దగ్గర పెద్దసారు భార్య నన్ను ఆపారు. తిడతారనుకుని నిలబడ్డాను. "ఇంట్లోనూ అంతేనమ్మా ఆయన" అన్నారు నెమ్మదిగా. "కూర మాడితే నాది, ఉప్పు ఎక్కువైతే నాది, ఆయన తాళంచెవి పోగొట్టుకుంటే అదీ నాదే. అది సరే, ఆ యాదగిరి ఎక్కడుంటాడు? ఇవాళ మీరు చెప్పింది అతనికి ఎవరైనా చెప్పారా?"

చెప్పలేదు. చెప్పవలసింది అతనికేనని నాకు తట్టనేలేదు.

ఆ సాయంత్రమే కాప్రా వెళ్లి వాకబు చేశాను. చెరువు వైపు రోడ్డులో చిన్న మడిగె, ఒక్కగది దుకాణం. జిరాక్సు, డీటీపీ, శుభలేఖలు అని బోర్డు. యాదగిరి ఎవరిదో పెళ్లికార్డు చేస్తున్నాడు. జుట్టు బాగా నెరిసింది. పూలగుడ్డ దిండు మాత్రం అదే. నన్ను చూసి లేవలేదు. స్టూలు చూపించాడు.

"పెద్దసారు పోయిండన్నా" అన్నాను. అతని ముందు నా మాట దానంతటదే ఇంటి మాటైపోతుంది.

"ఎరుకే."

"సంతాపసభల చెప్పిన. మొత్తం మార్చమన్నది ఆయననే, నువ్వు వద్దన్నవని. అందరి ముంగట, మైకుల చెప్పిన."

అతను పెళ్లికూతురి పేరులో ఒక వత్తు సరిచేశాడు. "నువ్వేమన్నవో, అది సుత చెప్పినవా?"

నాకు అర్థమైంది. అర్థం కానట్టు కూర్చున్నాను.

"ఫోన్ల ఉన్న, ఇనలే అన్నవు గద. అది."

"లే... చెప్పలే."

"మరి ఏం చెప్పినవ్ చెల్లె?" అని అప్పుడు నా వైపు తిరిగాడు. గొంతు పెంచలేదు. "సచ్చినోని మీద చెప్పుడు ఎంతసేపు? ఆయన మీద నాకేం కోపం లేదు. ఆయన గట్లనే ఉంటడని మొదటి దినం నుంచి ఎరుకే. నిన్ను చూసిన నేను. చెల్లె చెప్తది అనుకున్న. ఇంటికి పోయి మీ వదినెకు ఏం చెప్పాల్నో తెల్వక గా చెరువు కట్ట మీద పొద్దుగూకే దాక కూసున్న."

జిరాక్సుకు ఎవరో వచ్చారు. అతను రెండు కాపీలు తీసి ఇచ్చి వచ్చి మళ్లీ కూర్చున్నాడు.

"ఆయన పోయిండు" అన్నాడు. "నువ్వున్నవ్ గద."

మర్నాడు ఆఫీసుకు వెళ్లగానే ఒక తెల్లకాగితం మీద నాలుగు వాక్యాలు రాశాను. ఆ రోజు నేను ఫోనులో లేను. పెద్దసారు అన్ని పాఠాల్లోనూ మార్చమనడం, యాదగిరి వద్దనడం నా చెవులతో విన్నాను. మీ గదిలో అబద్ధం చెప్పాను. యాదగిరి తప్పు ఏమీ లేదు. కింద పూర్తి పేరు, తేదీ వేసి సంతకం పెట్టి యజమాని బల్ల మీద ఉంచాను.

అతను చదివి కాగితం వెనక్కి నెట్టాడు. "ఇప్పుడిదంతా ఎందుకు మేడమ్? ఆ మ్యాటర్ ఎప్పుడో క్లోజ్ అయిపోయింది. మీ రికార్డే పాడవుతుంది."

"ఫైల్లో పెట్టండి సార్" అన్నాను. అతను పెట్టేదాకా నిలబడే ఉన్నాను. "మీ సంగతి తరవాత చూద్దాం" అన్నాడు ఫైలు మూస్తూ.

బల్ల మీద పెట్టకముందే ఆ కాగితాన్ని ఫోటో తీసుకున్నాను. నా కుర్చీలోకి వచ్చి దాన్ని యాదగిరి నంబరుకు పంపాను. కాసేపటికి చదివినట్టు రెండు నీలం గీతలు పడ్డాయి.